పొట్లం కట్టేలోగా నేర్చిన పాటలు

ఆరో తరగతిలో నేను బడి మానేశానని మావాళ్లు అంటారు గానీ, నిజానికి బడే నన్ను మానేసి ఊపిరి పీల్చుకుంది. అలాంటివాణ్ని ఈ వయసులో గోపాలపట్నం బజార్లో బజ్జీలు తిని, నూనె ఓడుతున్న కాగితం విప్పి అక్షరం వదలకుండా చదువుతుంటే బండివాడు నన్ను పెద్ద చదువరి అనుకుంటాడు. తడిసిన సిరా వాసన కోసం నా వెతుకులాట అని అతనికేం తెలుసు.

హార్బరు పక్కన మా పేటకు శుక్రవారం శుక్రవారం ఒక పాటల పత్రిక వచ్చేది. ఇంకా ఆడని సినిమాల పాటలు, గాయకుల కబుర్లు, రేడియోకి ఉత్తరాలు రాసినవాళ్ల పేర్లు, అన్నీ అందులోనే. కొత్తది రాగానే అమ్ముడుపోని పాతవి దుకాణంవాడు అమ్మకు ఇచ్చేసేవాడు, ఎండుచేపల పొట్లాలకి. అంటే, మర్నాడు అమ్మ గంప ఎత్తుకునేలోగా పాటలన్నీ మాకు నోటికి రావాలి.

సాయంత్రం ఉప్పు చేతులతో ఆడవాళ్లంతా మా గుమ్మంలో చేరితే నేను కూడబలుక్కుంటూ చదివేవాణ్ని. పత్రికలో మాటలుండేవి గానీ వరస ఉండదు కదా. చదువురాని మా నూకాలక్క విరహమైనా భజనైనా అన్నిటికీ ఒకటే వరస కట్టేది, అలివి వల లాగేటప్పటిది. ఒడ్డున రెండు జట్లు రెండు తాళ్లు పట్టుకుని లాగే వల అది. ఒక జట్టు ఒక ముక్క పాడి ఆగితే రెండో జట్టు అందుకోవాలి. కొన్నాళ్లకి టీకొట్టు రేడియోలో అసలు పాట వచ్చినప్పుడు పేటంతా నివ్వెరపోయింది.

"ఎవల్రా ఈడు, మన పాటని పాడుసేత్తన్నాడు?" అంది అమ్మ.

ఇంటింటికీ రేడియోలు, ఆపైన క్యాసెట్లు వచ్చాక పత్రిక పేజీలు చిక్కిపోతూ వచ్చి, ఒక శుక్రవారం అసలు రాలేదు. మా పేట పెళ్లిళ్లలో మాత్రం ఆ పాటలు చాలాకాలం మా వరసలోనే బతికాయి. తర్వాత అలివి వలలూ పోయాయి, లాగిన మనుషులూ తలో దిక్కు అయ్యారు. ఇప్పుడు ఫోన్లో ఏ పాటైనా దొరుకుతుంది, దాని వరసలోనే. అద్దెగదిలో నేను ఒక చరణం పాడి, అలవాటుకొద్దీ ఆగుతాను. కింద నీళ్ల మోటారు అందుకుంటుంది.

మొన్న భీమిలిలో ఉన్న నూకాలక్కకి ఫోన్ చేసి ఒక ముక్క పాడాను, ఆగిపోయాను.

"ముందుకి రాట్లేదే అక్కా. గొంతు పోనాదేమో."



"గొంతుకేటైందిరా. అలివి వల ఒక్కడు లాగితే ఒత్తాదేటి? బస్సెక్కు."