పలక గుంజుకున్న చేయి

మొన్న ఆదివారం సాయంత్రం ఆరున్నరకు, నారాయణగూడలో ఒక చిన్న హాల్లో, తెర మీద మా అత్తను చూశాను. ఆమె పోయి చాలా ఏళ్ళయింది. తెర మీద ఉన్నది నిజానికి నేనే. పక్క కుర్చీలోని మా ఆడబిడ్డ మాత్రం నా చేయి పట్టుకుని, "అచ్చం మా అమ్మనే, వదినా" అంది. మెచ్చుకుందో తిట్టిందో నేను అడగలేదు.

ఆ సినిమా తీసింది అశోక్‌నగర్‌లో మా పైగదిలో కిరాయికుండే కాకినాడ వైపు పిల్ల. చుట్టుపక్కల గదుల్లో అందరూ సర్కారు కొలువు పరీక్షలకు చదువుతుంటే, ఈమె ఒక్కతే మెడలో కెమెరా వేసుకుని చిక్కడపల్లి మార్కెట్లో తిరిగేది. తీసేది నిజంగా ఉన్న మనుషులనే. కానీ ఎప్పుడో జరిగిపోయిన సంగతులను వాళ్ళ చేతనే మళ్ళీ జరిపించి తీస్తుంది. సగం నిజం, సగం కల్పన అని చెప్పింది. మా దగ్గర దాన్ని అబద్ధం అంటారని చెప్పాను.

నేను అక్షరాలు నేర్చుకున్నది మనవరాలు బడికి పోయిన ఏడాది, దాని పక్కన కూర్చుని. కొత్త కోడలిగా ఉన్నప్పుడు ఒకసారి పలక పట్టుకుంటే, అత్త గుంజుకుని దాన్నే పెరుగు కుండ మీద మూతగా పెట్టింది. ఈ సంగతి నేను చెప్పని చుట్టం లేదు. ఆమెలా నేనెన్నడూ కానని కూడా దాంతోపాటే చెప్పేదాన్ని. ఆ పిల్ల అదే పట్టుకుంది. సినిమాలో నా కోడలు నేనట, నేను మా అత్తనట.

"గంత పాపం నాతోని గాదు" అన్నాను.

"ఒక్కసారి చేసి చూడండి ఆంటీ, కుదరకపోతే వదిలేద్దాం" అంది.

వంటిల్లు వంటిల్లులా కనబడాలని పొయ్యి మీద పాలు పెట్టించింది. కోడలు పలక పట్టుకుని కూర్చుంది. గుంజబోతే నా చేయి రాలేదు. రెండోసారి అడుక్కుంటున్నట్టు తీసుకున్నాను. "గట్టిగ గుంజుండ్రి అత్తమ్మా, రోజు నా చేతిల గరిటె గుంజుతరు గద, గట్లనే" అని కోడలు ఎకసెక్కెం. మైకు పట్టుకున్న నా కొడుకు కూడా నవ్వాడు. మూడోసారి కోడలు తల వంచుకుని అక్షరం దిద్దుతోంది, దాని వెనక పాలు పొంగి గట్టు మీదికి కారుతున్నాయి.

"కండ్లు యాడ వెట్టినవే! పాలన్ని పొయ్యి పాలాయె, నీ సదువు సల్లగుండ!" అని పలక గుంజి పెరుగు గిన్నె మీద పడేశాను. కోడలు నవ్వలేదు. బలపం దాని వేళ్ళలో అట్లాగే ఉండిపోయింది. ఆ మొహం నాకు తెలుసు.

"సిమ్ముల వెట్టిన గద, ఎట్ల పొంగినయ్?" అన్నాను పొయ్యి కట్టేసి.

ఆ పిల్ల కెమెరా దించి, "మంట పెంచింది నేనే ఆంటీ. కోపం మాత్రం మీదే" అంది. ఆ పూట ఆమెకు చాయ్ ఇవ్వలేదు.

అత్త నా పలక గుంజుకున్న రోజు పొయ్యి మీద ఏముందో నాకు గుర్తు లేదు. ఇన్నేళ్ళూ పలక ఒక్కటే గుర్తు పెట్టుకున్నాను. అడుగుదామంటే ఆమె లేదు. ఆమె మొహం తలుచుకుంటే ఇప్పుడు నాదే వస్తోంది. సినిమా తీసిన రోజు వంటింట్లో ఉన్నది కెమెరాతో ఆ పిల్ల, మైకుతో కొడుకు, పలకతో కోడలు, నేను. ఇంత కాలానికి అత్తను కూడా ఆ వంటింట్లో ఉన్నవాళ్ళలోనే రాస్తున్నాను.