తిరుత్తణి మెట్ల మీద ఏడు దెబ్బల పాట

నాకు సంగీతం నేర్పిన గురువు తిరువళ్లూరు గ్రంథాలయమే. అక్కడి పుస్తకాలు చదివి, బల్ల మీద వేళ్లతో కొట్టుకుంటూ తాళాలు నేర్చుకున్నాను. నాకు ప్రాణమైన పాట ఒకటి ఏడు దెబ్బల తాళంలో ఉంది. మా భజన బృందం ఏటా దాన్ని పాడుతూ తిరుత్తణి కొండ ఎక్కేది. సగం దారిలోనే తాళం తప్పి, పాట ఆగిపోయేది.

ఈసారి తాళపు చిప్పలు నాకిమ్మని అడిగాను. బృందానికి పెద్ద మా బావ నవ్వాడు.

"ఏం మరదలా, పుస్తకం సూసి ఈత నేర్చినోళ్లు యాడన్నా ఉండారా? ఈసారీ ఆగిపోతే ఇంగ ఆ పాట జోలికే పోవద్దు."

"ఆగకుంటే?"

"ఆగకుంటే చిప్పలు నీవే పో!"

తప్పు ఎక్కడుందో నేను చదువుకుంటూనే కనిపెట్టాను. దెబ్బకో మెట్టు ఎక్కుతాం. ఏడు బేసి సంఖ్య కాబట్టి ఏడు దెబ్బల చుట్టు ఒకటి ముగిశాక తర్వాతిది ఎడమకాలికి వస్తుంది. గుడి మెట్లు కదా, ప్రతి చుట్టూ కుడికాలితోనే మొదలవ్వాలని అందరూ ఒక దెబ్బ ఆగుతారు. దాంతో ఏడు కాస్తా ఎనిమిదవుతుంది.

"మొదటి మెట్టుకే కుడికాలు. తర్వాత ఏ కాలు పడితే ఆ కాలు. స్వామి ఏమీ అనుకోడు!" అని కొండ కింద అందరికీ చెప్పి చిప్పలు మోగించాను.

ఒక చుట్టు కుడికాలితో, మరుసటి చుట్టు ఎడమకాలితో మొదలైంది. ఏళ్ల తరబడి పాట ఆగిపోతున్న మలుపు దాటాం. గొంతులు ఇంకా పెరిగాయి. గోపురం ముందు పాట ముగిసేసరికి ఒక్క దెబ్బ కూడా తప్పలేదు.

బావ రొప్పుతూనే అడిగాడు. "ఐదు దెబ్బల పాటేమన్నా ఉండాదా నీ పుస్తకాల్లో?"

"ఉండాది బావా. పోయిన వారమే నేర్చుకున్నా."