నేను చదివానన్న ఉత్తరం

పందొమ్మిదేళ్లు మోశాను. పత్తిమూట అయితే గట్టు మీద దించుకునేదాన్ని. దీన్నెక్కడ దించను? నేను చెబుతుంటే మా పేట మీద సినిమా తీసిన అమ్మాయి రాసిపెడుతోంది. నాకు రాయడం రాదు. చదవడమూ రాదు. అసలు సంగతి అదే.

తిరువూరులో మా పేటంతా సాయంత్రం కుటుంబ ప్రార్థన చేసుకుంటాం. మా ఆయన పోయాక బైబిలు నా చేతికొచ్చింది. చర్చిలో విని విని కీర్తనలు నాకు నోటికొచ్చు. పేజీలు తిప్పుతూ, వరసల వెంట కళ్లు నడిపిస్తూ వల్లించేదాన్ని. నా కూతురు కరుణే కాదు, పేటంతా నాకు చదువొచ్చనుకున్నారు. నాకది ఎంత బాగుండేదో!

ఆ ఏడే కరుణ గురుకుల పాఠశాల పరీక్ష రాసింది. అది ఇంట్లో లేనప్పుడు ఉత్తరం వచ్చింది, గురుకులం నుంచే అన్నాడు పోస్టుమాన్. ఏం రాశారమ్మా అని అక్కడే నిలబడ్డాడు. చదువుతున్నట్టు కాసేపు చూసి, సీటు రాలేదంట అన్నాను. పిల్ల వచ్చేలోగా దాన్ని పొయ్యిలో పెట్టాను. వచ్చిందంట అని ఎందుకనలేదు? పత్తి ఏరడానికి ఇంకో రెండు చేతులు కావాలని లోపల ఉందా? ఉంది.

పది రోజులకు మేస్టారు ఎదురై, సీటొస్తే పంపలేదేమని అడిగారు. అప్పుడైనా పిల్లను తీసుకుని గురుకులానికి పరిగెత్తాల్సింది. ఆడపిల్ల కదా సార్ అనేసి, ఎవరికీ చెప్పొద్దని బతిమాలాను. కరుణ అప్పటికే బడి మానేసి నాతో చేలోకి వస్తోంది.

పిల్లల్ని ఎలా చదివించుకుంటున్నామో సినిమా తీస్తానని ఈ ఏడు ఈ అమ్మాయి మా పేటకొచ్చింది. ప్రార్థనప్పుడు వరసల మీద వేలు పెట్టి చదవమంది, అక్షరాలు దగ్గరగా తీస్తానంది. పక్కన తన పిల్లలతో కూర్చున్న కరుణ నవ్వింది.

"మా అమ్మ తెలివి నాకు రాలేదండి. నాది మట్టిబుర్ర."

ఆ మాట చాలాసార్లు విన్నాను. ఆ రోజు మాత్రం కెమెరా ముందే పుస్తకం మూసేశాను.

"నాకు చదవడం రాదే. నీకు సీటొచ్చింది. ఉత్తరం పొయ్యిలో పెట్టింది నేనే."

కరుణ నా వైపు తిరిగింది.

"అయితే నేను పాసయ్యానా?"

"పాసయ్యావమ్మా."

లేచి వెళ్లిపోయింది. మూడు వారాలు నా గడప తొక్కలేదు. ఆ ముక్క సినిమాలోంచి తీసేస్తానమ్మా, మీకు మాటొస్తుంది అని ఈ అమ్మాయి అంది. తీసేస్తే ఊరుకోనన్నాను.

మొన్న ఆదివారం ఆరాధన అయ్యాక చర్చి హాల్లో ఆ సినిమా అందరికీ వేశారు. నా మాట రాగానే తలలన్నీ నా వైపు తిరిగాయి. నేను తల దించలేదు. ముందు వరసలో కరుణ, పిల్లలూ ఉన్నారు. పాసయ్యావమ్మా అని తెరమీద నేను అనగానే అది పక్కావిడ భుజం తట్టింది.

"విన్నారా వదినా? పాసయ్యాను."

నా వైపు మాత్రం తిరగలేదు. క్షమించమని నేనూ అడగలేదు, ఏ మొహంతో అడగను? కానీ నా బిడ్డ పాసయ్యిందని పేటంతా నా నోటితోనే విన్నది. ఇంటికి నడుస్తుంటే నెత్తిమీది మూట దించినట్టుంది.