విమానానికి వీపు తిప్పిన మామ

మా మేనమామ పోయాడని కోరుట్ల నుంచి ఫోన్ వచ్చేసరికి నేను పెగడపల్లిలో ఒక పెళ్లి వీడియో తీస్తున్నాను. "మంచిది" అన్నాను. ఎందుకలా అన్నానో ఇప్పటికీ తెలియదు. తలంబ్రాలయ్యేదాకా తీసి, అప్పుడు బండెక్కాను.

మామ విమానాల మెకానిక్. కొత్తవాటికి కాదు, రెక్కలకు రేకు బదులు గుడ్డ బిగించిన పాతకాలం వాటికి. హైదరాబాద్ అవతల ఒక షెడ్డులో అలాంటిది ఒకటుంది. రిటైరైన కొందరు కలిసి దాన్ని ఇంకా ఎగరేస్తున్నారు. వాళ్లలో గుడ్డ పని మామది. పూత పూసి, ఆరాక వేలితో కొట్టి వినేవాడు.

"డప్పు లెక్క మోగాలె అల్లుడూ. మెత్తగ పలికితే ఇప్పెయ్యాలె."

అదో పిచ్చి అలవాటైపోయింది ఆయనకు. గొడుగైనా, సిరిసిల్లలో అత్త పుట్టింటి మగ్గం మీది బట్టయినా కొట్టి చూడాల్సిందే. "మా నాయిన నేసినదానికి సుత వంక వెడ్తడు, ఏం మనిషో గీయన!" అని అత్త కొట్లాడేది.

మామ పోయిన రోజు కోరుట్లలో ఇంటి ముందు వేసిన షామియానాను నేనూ వేలితో కొట్టాను. వదులుగా పలికింది. ఎవరికి చెప్పాలో తోచలేదు.

నాకు మొదటి కెమెరా కొనిచ్చింది మామే. ఆ విమానాన్ని తీయడానికి పిలిచేవాడు. "దాన్ని తియ్యి, నన్ను తియ్యకు" అనేవాడు. అది పరుగందుకోగానే మాత్రం దానికి వీపు తిప్పి నిలబడేవాడు. భయమా, నమ్మకమా? అడిగితే ఒకసారి "చెవులున్నయ్ గదరా" అన్నాడు. ఇంకోసారి "ఎండ కండ్లల్ల వడ్తది" అన్నాడు. ఆరోజు మబ్బు పట్టి ఉంది!

పెళ్లిళ్ల అలవాటు చెడ్డది. తాళి కట్టేటప్పుడు ఒక కెమెరా పెళ్లికూతురి తల్లి మొహం మీద పెడతాం. ఒకసారి సరిగ్గా విమానం లేచే వేళకు నా చెయ్యి దానంతటదే వెనకనున్న మామ వైపు తిరిగింది. ఎగరడం కాస్తా పోయింది, తిట్లు మిగిలాయి.

దినాలకు ముందు అత్త అడిగింది. "ఇన్నేండ్లు తీసినవ్ గద కొడుకా, ఆయన మొఖం యాడన్న ఉన్నదా? ఫోటోల గాదు, మనిషి కదులుకుంట. ఒక్కసారి జూస్త."

జగిత్యాలలో నా స్టూడియోలో అన్నీ తిరగేశాను. రెక్కలు, చక్రాలు, ఆకాశం. మొహం ఎక్కడా లేదు. అత్తకు ఏం చెప్పాలిరా దేవుడా అనుకుంటుంటే మామ వైపు తిరిగి చెడిందని నేను మళ్లీ ఎప్పుడూ చూడని ఆ ముక్క దొరికింది.

కోరుట్ల ఇంట్లో టీవీలో పెట్టాను. మామ వీపు. ఇంజన్ మోత పెరిగింది. చక్రాలు నేల విడిచాయి కాబోలు, ఆయన భుజాలు ఒక్కసారిగా దిగాయి. అయితే భయమేనన్నమాట అనుకున్నాను. అంతలో ఇటు తిరిగాడు. నవ్వుతున్నాడు, కళ్లనిండా నీళ్లు. మళ్లీ ఏమీ అర్థం కాలేదు. ఏడవాలో నవ్వాలో కూడా తెలియలేదు.

"నన్నేం జూస్తున్నవ్‌రా! పైకి జూడు, పైకి!" అని టీవీలోంచి కేకేశాడు.

గదిలో అందరం తలలెత్తాం. పైన ఫ్యాన్ తిరుగుతోంది. వీడియో అయిపోయింది. అత్త ఇంకా తల దించలేదు.