కొమురయ్య గొంతు తెరుచుకున్న వైనం

ఈరోజు మంచిర్యాల దాటాక, వంపు దగ్గర పట్టాలు పక్కకు జరిగాయని మా రైల్వే గ్యాంగంతా గడ్డపారలు పట్టుకుని దిగాం. బొగ్గుబండి వచ్చేలోగా వాటిని నెట్టాలి. అందరం ఒకేసారి నెట్టాలంటే పాట కావాలి. పాట చెప్పే కొమురయ్యకేమో పొద్దుటి నుంచి గొంతు పట్టేసింది. మా పని చూసే మేటు రాజలింగు తానే పాట ఎత్తుకున్నాడు కానీ, ఆ గొంతుకు నవ్వాగక మా చేతుల్లో బలమే పోయింది.

అప్పుడే సద్ది తెచ్చిన కొమురయ్య భార్య లచ్చవ్వ, "జర జరుగుండ్రి, నేను జెప్త" అంటూ అందుకుంది.

"మా ఇంటాయన ఎలుకను జూసి..." ఒక నెట్టు.

"అటుకెక్కి కూసుండె..." ఇంకో నెట్టు.

తర్వాతి ముచ్చట వినాలన్న ఆత్రంలో మేం ఆగలేదు. పట్టాలు ఉండాల్సిన చోటు దాటి బెత్తెడు అవతలికి పోయాయి!

"ఆపుండ్రి! మల్ల ఎన్కకు తేవాలె" అని మొత్తుకున్నాడు రాజలింగు.

"గంతేనా? ఇంకో ముచ్చట జెప్త" అంది లచ్చవ్వ.

అంతే, కొమురయ్య "ఐలేసా!" అని అడవి మారుమోగేలా అరిచాడు. బొగ్గుబండి కూత వినబడేసరికి పట్టాలు తమ చోటికి వచ్చేశాయి.

అటుకెక్కిన మనిషి ఎట్లా దిగాడో మాత్రం తెలియలేదు. లచ్చవ్వను అడిగే ధైర్యం మీలో ఎవరికైనా ఉందా?