బుట్ట అల్లే ముసలమ్మ, బీడీలు చుట్టే అవ్వ

మొన్న మధ్యాహ్నం మా మనుమరాలు ఫోన్‌లో ఏదో పాత సినిమా చూస్తుంటే పక్క నుంచి తొంగిచూశాను. నలుపు తెలుపు బొమ్మ, గడపలో కూర్చుని బుట్ట అల్లుతున్న ఫ్రెంచి ముసలమ్మ. ఆమెను నేనెరుగుదును! కాలేజీలో పాఠమట, మా పిల్ల రెట్టింపు వేగం పెట్టుకుని చూస్తోంది.

నా ఈడువారికి గుర్తుండే ఉంటుంది, ఆ రోజుల్లో కరీంనగర్‌లో మేము కొందరు నౌకరీ చేసేవాళ్లం కలిసి, ఆదివారాలు ఒక బడి హాలు తీసుకుని పరదేశపు సినిమాలు వేసేవాళ్లం. బొమ్మ కింద పడే ఇంగ్లీషు అక్షరాలను అప్పటికప్పుడు మైకులో తెలుగు చేసి చెప్పడం నా పని. నా గొంతు మీద నాకు కొంచెం గర్వం కూడా ఉండేది, దాచుకోవడమెందుకు.

ఈ సినిమా తీసినాయన గురించి మాకొచ్చిన కాగితంలో నాలుగు ముక్కలే ఉన్నాయి. పల్లెటూరి బడిపంతులట, జన్మంతా కలిపి ఐదే సినిమాలు తీశాడట, సొంత దేశంలోనే ఎరిగినవాళ్లు తక్కువట. నటులుండరు, పాటలుండవు, కెమెరా ఒకచోట పెట్టాడంటే ఎదుటి మనిషి పని పూర్తయ్యేదాకా కదల్చడు.

ఆ ఆదివారం లక్సెట్టిపేట నుంచి వచ్చిన మా అవ్వను వెంట తీసుకుపోక తప్పలేదు. బీడీలు చుట్టి నన్ను చదివించిన కన్నతల్లి. అయినా చీరకు తంబాకు వాసన వస్తుందని, తోటివాళ్ల ముందు నామోషీ అని, ఆఖరి వరుసలో కూర్చోబెట్టాను. సిగ్గులేని పని చేశాను.

తెర మీద ముసలమ్మ బుట్ట మొదలుపెట్టింది. మాట లేదు, పలుకు లేదు. ఎంతసేపటికీ అదే. జనం కుర్చీల్లో కదులుతుంటే, లేచిపోతారేమోనన్న భయంతో, పాపం కొడుకు కోసం ఎదురుచూస్తోందని, కళ్లలో నీళ్లు దాచుకుంటోందని, లేని మాటలు కల్పించి మైకులో చెప్పసాగాను. అంతే, వెనక నుంచి అవ్వ గొంతు ఖంగుమంది.

“జర ఊకో బిడ్డా! గామె చేతులు కనవడుతలేవా? నడుమ నీ ముచ్చటేంది?”

హాలంతా గొల్లున నవ్వింది. నాకు తల తీసేసినట్టయింది. మైకు కట్టేశాను. విచిత్రమేమంటే, ఆ తర్వాత ఒక్కరూ లేవలేదు, బుట్ట అంచు ముడిపడేదాకా అందరూ నోరెత్తకుండా చూశారు.

రిక్షాలో వస్తూ అవ్వ నన్నేమీ దెప్పలేదు. ఒడిలో ఆమె వేళ్లు మాత్రం అలవాటుకొద్దీ లేని ఆకును చుడుతున్నాయి.

“గంతసేపు ఒక ముసల్దాని పని చూసుకుంట కూసున్నడంటే, గా సిన్మ తీసినాయన మంచోడే ఉంటడు,” అంది.



అవ్వ పోయి చాలా ఏళ్లయింది. మొన్న మనుమరాలిని, జర మెల్లగా పెట్టు తల్లీ అని మందలిద్దామనుకున్నాను గానీ నోరు రాలేదు. ఈ కాలం పిల్లలకు ఓపిక లేదని మనం ఊరికే అంటుంటాం. ఎక్కడి పంతులో, ఎవరి ముసలమ్మ ముందో అంతసేపు కూర్చున్నాడు. మా వాకిట్లో చాట ముందేసుకుని మా అవ్వ రోజూ బీడీలు చుట్టేది, ఒక్క కట్టయినా మొదటి నుంచి చివరిదాకా నేను కూర్చుని చూడలేదు.