పూజలో పెట్టిన బావ కంప్యూటర్

దయ్యాల కబుర్లు చెప్పేవాళ్లంటే నాకు ఒళ్లు మంట. సాఫ్ట్‌వేర్ టెస్టింగ్‌లో ఉద్యోగం నాది. తప్పు కనపడితే కారణం దొరికేదాకా వదలకపోవడమే నా పని. ఇప్పుడు రాస్తున్నది మాత్రం కారణం దొరక్క నేను చేతులెత్తేసిన విషయం.

మా అక్కావాళ్లు చెన్నై కోడంబాక్కంలో ఉంటారు. బావ తెలుగు డబ్బింగ్ ఆర్టిస్టు. పెద్ద పేరేమీ లేదు. పోలీసు గొంతు, డాక్టరు గొంతు, గుంపులో అరిచేవాడి గొంతు, ఏది అడిగితే అది ఇచ్చేవాడు. ఆ గొంతులోనే క్యాన్సర్ వచ్చింది. ఆపరేషన్ చేస్తే మాట పోతుందన్నారు.

ఆపరేషన్‌కు ముందు ఇంట్లో తన కంప్యూటర్ దగ్గర ఒక్కడే కూర్చుని అక్క కోసం ఏదో రికార్డు చేశాడు. తర్వాత మాట పోయింది, కొన్నాళ్లకు మనిషీ పోయాడు. ఏడాది దాటినా అది వినే ధైర్యం అక్కకు రాలేదు. అడిగితే, "వింటాలేవే, ఇప్పుడు కాదు" అనేది.

కిందటేడు ఆయుధ పూజ ముందు రోజు అక్క బావ కంప్యూటర్ శుభ్రం చేసింది. పైన దుమ్ము తుడిచి ఊరుకోకుండా లోపల కూడా తుడుద్దామనుకుంది. పనికిరాని పాత ప్రోగ్రాములు ఒక్కొక్కటే తీసేసింది. ఒకదాని దగ్గర, ఈ ఫైల్‌ను ఇంకెవరూ వాడుతున్నట్టు లేదు, తీసేయమంటారా అని కంప్యూటర్ అడిగింది. తీసేయమంది.

అది డీఎల్ఎల్ ఫైల్. అలాంటివి కొన్ని ప్రోగ్రాములు ఉమ్మడిగా వాడుకుంటాయి. నాలుగు పోర్షన్లకు కలిపి ఒకే నీళ్ల మోటారు ఉన్నట్టు. ఖాళీ చేసిపోయే వాళ్లు మోటారు విప్పుకుపోతే మిగతావాళ్ల గతేమిటి? బావ రికార్డింగ్ తెరుచుకునేది ఒకే ఒక్క పాత ప్రోగ్రాములో. ఐకాన్ నొక్కితే, ఫలానా డీఎల్ఎల్ లేదు అని చెప్పి మూసుకుపోయింది.

అక్క ఫోన్లో ఏడుస్తూ, "నా చేతులతో నేనే తీసేశానే" అంది. ఆఫీసుకు సెలవు పెట్టి పరుగెత్తాను.

నాకు తెలిసిన విద్యలన్నీ చూపించాను. తీసేసినవి వెతికిపెట్టే సాఫ్ట్‌వేర్ వేస్తే దొరకలేదు. అదే పేరున్న ఫైల్ నెట్‌లోంచి దించి పెడితే వెర్షన్ కలవలేదు, ప్రోగ్రాము ఇంకో తప్పు చూపించింది. ఆ ఫైల్ కూడా తీసేశాను. ప్రోగ్రాము చేసిన కంపెనీ ఎప్పుడో మూతపడింది. ఇన్‌స్టాల్ చేసే సీడీ ఇల్లంతా గాలించినా కనపడలేదు.

సాయంత్రానికి బావ వాళ్లమ్మ వచ్చి నిలబడింది. "చాల్లే పాపా. రేపు దాన్ని ఎవురూ ముట్టుకోగూడదు. వాడి సామాన్లన్నీ తెచ్చి ఈడ పెట్టండి" అంది.

వైర్లన్నీ పీకి, చుట్టి, నా బ్యాగులో పెట్టుకున్నాను. సీపీయూ, మైకు, హెడ్‌ఫోన్సు దేవుడి ముందు పెట్టాం. మర్నాడు అక్కావాళ్ల అత్త వాటికి గంధం, కుంకుమ పెట్టి, పూలమాల వేసి హారతి ఇచ్చింది. అక్క గోడకానుకుని కూర్చుంది.

పూజలో పెట్టిన పనిముట్లను మరుసటి రోజు కాసేపైనా వాడాలని ఆ ఇంట్లో ఆనవాయితీ. అందుకే వైర్లు మళ్లీ తగిలించాను. అలవాటుగా ఆ ఐకాన్ నొక్కాను. ప్రోగ్రాము తెరుచుకుంది.

ముందు నాకు సంతోషం కలగలేదు, చిరాకేసింది. వెంటనే ఫోల్డర్ చూశాను. డీఎల్ఎల్ అక్కడే ఉంది. నేను దించినది కాదు, సరైన వెర్షన్. అది ఆ కంప్యూటర్లోకి వచ్చిన తేదీ ముందు రోజుది. వేళ, అత్త హారతి ఇచ్చిన వేళ.

కంప్యూటర్ గడియారం తప్పేమో చూశాను, సరిగ్గానే ఉంది. కంప్యూటర్ తనంతట తాను బాగుచేసుకుందేమో అనుకోవడానికి దానికి కరెంటే లేదు, వైర్లన్నీ నా బ్యాగులోనే ఉన్నాయి. రైస్ కుక్కర్ వైరు దానికి సరిపోతుందని తెలుసు. ఎవరైనా అది తగిలించారా అని కూడా ఆలోచించాను, కానీ హారతి అయ్యేదాకా మేం ముగ్గురం అక్కడే ఉన్నాం. పైగా ఎక్కడా దొరకని ఫైల్ ఎవరు తెచ్చి పెడతారు?

అక్క నన్ను బయటికి పొమ్మని తలుపు వేసుకుంది. బావ ఏం చెప్పాడో నేను అడగలేదు. ఆ తర్వాత రికార్డింగ్‌ను అన్నిటిలో తెరుచుకునే రకం ఫైల్‌గా మార్చి ఆమె ఫోన్లో వేశాను. ఇక అది పోతుందన్న భయం లేదు.

ఈ ఏడాది ఆయుధ పూజకు మళ్లీ వెళ్లాను. అక్క గుడ్డతో కీబోర్డు తుడుస్తోంది. బాగానే ఉన్నట్టుంది, నవ్వుతూనే మాట్లాడుతోంది. ఉన్నట్టుండి తుడవడం ఆపింది.

"ఆ ఫైల్ మళ్లీ తీసేస్తే, మీ బావ మళ్లీ వచ్చి పెడతాడంటావా?"